కలబందకు చెంబెడు నీళ్లు

డయాలసిస్ మొదలైనకాడికెల్లి మా ఆయన సంగయ్యకు ఎంత దూపయి నోరెండినా రోజుకు రెండు గ్లాసుల నీళ్లే. మించితే ఊపిరాడదని చేవెళ్ల దవాఖానల గట్టిగ చెప్పిండ్రు. బిందెలన్నీ అర్రల పెట్టి తాళమేసిన.

పొద్దుగాల లేస్తే ఆయనది ఒక్కటే మాట. "పెరట్ల కలబంద నాటిన కదనే. దానికన్న చెంబెడు నీళ్లియ్యి."

"రోజూ పోస్తె వేర్లు మురిగిపోతయయ్యా" అని కసురుకుంటనే ఇచ్చేదాన్ని. మొయినాబాద్ నర్సరీల పని మానినంక ఆయనకు మిగిలిన పని అదొక్కటే.

ఎంత కట్టడి చేసినా కాళ్ల ఉబ్బు తగ్గలే. ఎవరి దిష్టి తాకిందో అనుకున్న. అమాస నాడు ఆ కలబందనే పీకి దర్వాజకు తలకిందులుగ కడదామని పెరట్లకు పోయిన.

రోజూ తడిసే మన్ను గదా అని ఉత్త చేతులతోనే గుంజిన. కదలలే. గడ్డపారతో పొడిస్తె దుమ్ము లేసింది. వేర్ల కింద కూడ తడి లేదు.

"మరి నేనిచ్చిన నీళ్లేమాయెనయ్యా?"

అరుగు మీద కూసున్న ఆయన, ఉబ్బిన కాళ్లను మెల్లగ ధోతి కిందికి గుంజుకున్నడు.

"దానికి దూప కాదే, ముత్తమ్మా."