గోడ నిండా చుట్టాలు

“సూట్‌కేసు మూసెయ్ గురవక్కా. ఇంకెంతసేపు ఆ గోడ తుడుస్తావు?” అంది పక్క మేడలో పనిచేసే సాబేరా, గడపలో నిలబడి.

గురవమ్మ తడిగుడ్డతో ఒక్కో ఫోటో అద్దం తుడుస్తూ, తుడిచిన ప్రతివాడికీ పోయొస్తానని చెబుతోంది. మిలిట్రీ ఆయనకు చెప్పింది. మీసాల మామకు చెప్పింది. పొడుగు గౌను స్వామికి గుడ్డ చంకలో పెట్టుకుని మరీ దండం పెట్టింది. పేర్లు తెలియవు కాబట్టి అవన్నీ తను పెట్టుకున్న పేర్లే.

చక్రాల కుర్చీలో పెద్ద మేడం ఆమెనే చూస్తోంది.

జెద్దాలో, పాత ఊరు బలద్ సందుల్లో, ఒక పాత మేడ మూడో అంతస్తు అది. మేడంది డెన్మార్కు దేశమట. వయసులో ఉన్నప్పుడు సౌదీ వ్యాపారిని చేసుకుని వచ్చింది. ఆయన పోయాడు. పిల్లలు లేరు. పక్షవాతం వచ్చాక నోట మాట సరిగా రావడం లేదు. భర్త తరఫువాళ్లు సామాన్లు పంపుతారు గానీ మెట్లు ఎక్కరు. వీసా ఇచ్చి పనికి తెచ్చుకున్న మొదటి కఫీల్ ఇంట్లో దెబ్బలు ఓర్చుకోలేక పారిపోయి వచ్చిన గురవమ్మకు, కాగితాలు అడగకుండా చోటిచ్చిన ఇల్లు ఇదొక్కటే.

ఇప్పుడు పరదేశపు పనివాళ్లను తగ్గించే నితాఖత్ చట్టం వచ్చింది. దేశంలో ఉండడానికి అనుమతినిచ్చే ఇఖామా లేనివాళ్లు గడువులోగా వెళ్లిపోతే జైలుండదన్నారు. గురవమ్మ వేలిముద్రలిచ్చింది, ఇంటికి తిరిగి పోవడానికి ఔట్‌పాస్ తెచ్చుకుంది. ఈ సాయంత్రమే విమానం.

“ఉంటానంటే ఈమె మొగుని తరపోళ్లు కాయితాలు రాపిస్తామన్న్యారు గదక్కా. వద్దంటివి. ఇప్పుడేమో గోడ పట్టుకుని యేడుస్తాండావు,” అంది సాబేరా.

“యేడ్సడం ల్యా. దుమ్ము పడింది కంట్లో.”

“తడిగుడ్డతో తుడిస్తే దుమ్ము యాడ లేస్తాదో?”

గురవమ్మ గుడ్డ పిండింది. “ఈమెకేం తక్కువే? ఇంతమంది మొగోళ్లుండారు. ఆ ముక్కులు సూడు, ఒగే వంశం. అన్నదమ్ములో, చిన్నాయన కొడుకులో. నేను పోతే ఎవురో ఒకరు వొచ్చి దేశానికి పిల్చుకపోతారు. పనిమనిషి ఉంది గదా అని ఇన్నాళ్లూ రాల్యా. నేనే అడ్డం.”

“వీళ్లు బతికుండారని నీకెవురు జెప్పినారు?”

“ఒక్క పటానికన్నా దండుందా? సచ్చినోళ్లకు దండెయ్యకుండా ఎవురన్నా గోడకు పెడ్తారా?”

“మా ఇంట్లో మా అబ్బకు ఎయ్యల్యా.”

“మీ పద్ధతి వేరే.”

“ఈ తెల్లోళ్ల పద్ధతి ఏందో నీకు తెల్సా?”

గురవమ్మ చివరి ఫోటో దగ్గరికి జరిగింది.

రోజూ పొద్దు వాలేసరికి మేడం తన కుర్చీని ఈ గోడ వెంబడి నెట్టమని చెయ్యి చూపించేది. కత్తి పట్టిన పడుచువాడి ముందు మెడ నిటారుగా ఎత్తేది. మిలిట్రీ ఆయనకు బాగున్న చేత్తో సెల్యూట్ కొట్టేది. చినుగుల కోటు బిచ్చగాడి ముందు అరచెయ్యి చాపేది. ఎవరి మర్యాద వాళ్లకు ఇస్తోందని గురవమ్మ అనుకునేది. ఆ వేళకు తనూ వాళ్లతో నాలుగు మాటలు చెప్పుకునేది. ఊళ్లో చెల్లెలు ఫోనెత్తడం ఎప్పుడో మానేసింది. ఎవరో ఒకరితో మాట్లాడకపోతే మనిషికి గొంతు ఉందో లేదో తెలియదు కదా.

చివరి ఫోటోలో ఒక ముసలాయన, ఏదో సినిమా హాలు తలుపు దగ్గర గేటు మనిషిలా నిలబడి ఉంటాడు. అన్నదమ్ముల్లో ఈయనొక్కడే చితికిపోయాడని గురవమ్మకు జాలి. ఆయన దగ్గర మాత్రం మేడం ఏ అభినయమూ చేసేది కాదు. అద్దం మీద అరచెయ్యి ఆనించి ఊరుకునేది.

మెట్ల మీద చెప్పుల చప్పుడైంది. సాబేరా కబురు పెట్టిన నర్సు జెస్సీ, భీమవరం పిల్ల, ఇంగ్లీషు వచ్చు. ఆమె ఈ ఇంటికి రావడం ఇదే మొదలు.

“నేను పోయేలోగా ఈళ్లల్లో ఒకరికి ఫోన్ జెయ్యల్ల పాపా. ఎవురికి జెయ్యమంటాదో అడుగు. ఒక్కరొస్తామంటే సాలు, నేను నిమ్మళంగా విమానమెక్కుతా.”

“అలాగేనండి,” అంటూ జెస్సీ కుర్చీ పక్కన మోకాళ్ల మీద కూర్చుని ఇంగ్లీషులో అడిగింది.

మేడం చాలాసేపు పెదవులు కదిపింది. మాట రాలేదు. బాగున్న చేతిని మిలిట్రీ ఆయన వైపు చూపి, అదే అరచేత్తో తన ముఖాన్ని నుదుటి నుంచి గడ్డం దాకా తుడుచుకుంది. బిచ్చగాడి వైపు చూపి మళ్లీ తుడుచుకుంది. స్వామి వైపు చూపి మళ్లీ. విమానాశ్రయానికి తీసుకెళ్లడానికి వచ్చిన బాబ్జాన్ కింద కారు హారన్ కొట్టాడు. సాబేరా సూట్‌కేసు ఎత్తింది. జెస్సీ చెవి మేడం నోటి దగ్గర పెట్టి విన్నది. లేచి, గోడ ఈ చివర నుంచి ఆ చివరి దాకా ఒక్కో ముఖమే చూస్తూ నడిచింది.

“ఏమంటాంది పాపా? ఎవురొస్తారంట?” అంది గురవమ్మ.

“వీళ్లంతా ఒక్కరేనంటండి, సినిమాల్లో వేషాలేసిన ఈవిడ నాన్నగారు.”