నేర్పిన జబ్బు

ఈసారీ తప్పితే డాక్టరు చదువుకి నీళ్ళొదులుకోవడమే. కుర్రడాక్టరుకిది మూడో దండయాత్ర. తెల్లకోటు సర్దుకుని పరీక్ష గదిలోకి అడుగుపెట్టింది.

లోపల కుర్చీలో రోగి. రోగంటే నిజం రోగి కాదు లెండి. పరీక్ష తేదీ చూసుకుని జబ్బుపడేవాళ్ళు ఎక్కడ దొరుకుతారు? అందుకే నాటకాల్లో వేషాలేసే ఆవిణ్ణి పిలిపించి, ఒక జబ్బు నేర్పి కూర్చోబెట్టారు. అదేమిటో కనిపెట్టాలి. మూలన ఎగ్జామినరు మేడమ్. ఆవిణ్ణి చూస్తే ఎంతటివాళ్ళైనా వచ్చింది కూడా మర్చిపోవాల్సిందే.

"చెప్పండమ్మా, ఏమిటి ఇబ్బంది?"

రోగి నోరు తెరిచింది. మూసింది. మేడమ్ వంక చూసి గుటకలు మింగింది.

'అబ్బో, బిడియం ఎంత బాగా నటిస్తోందో!' అనుకుంది కుర్రడాక్టరు.

"అదీ... నెలసరి సరిగ్గా రాదండీ," అంది రోగి చివరికి. "దానికి బుద్ధి పుట్టినప్పుడు, మూడు నెలలకో నాలుగు నెలలకో వస్తుంది."

"ఇంకా?"

"మొటిమలు. గడ్డం మీద వెంట్రుకలు. నీకు మీసం అతికించే పని లేదే అని మావాళ్ళు ఒకటే ఏడిపిస్తారు."

మేడమ్ మొహం మాడిపోయింది. కానీ పరీక్ష మధ్యలో ఆవిడ నోరు మెదపకూడదు. ఆ మొహం చూసి తనే ఏదో తప్పడిగాననుకుంది కుర్రడాక్టరు. అయినా తెగించి అడిగింది.

"ఇంట్లో ఎవరికైనా షుగరుందా?"

"మా అమ్మకుంది. అరె, మీకెలా తెలిసిందీ!"

"ఇది పీసీఓఎస్ అనిపిస్తోందమ్మా. అండం నెలనెలా టైముకి విడుదల కాదు, మగ హార్మోను కాస్త ఎక్కువుంటుంది. రక్తపరీక్షలు, స్కానింగు చేసి ఖాయం చేసుకుందాం. ఇందులో మీ తప్పేం లేదు. నడకతో, మందులతో అదుపులో ఉంటుంది."

"మరి... పిల్లలు?"

"ఎందుకు పుట్టరూ? చాలామందికి పుడతారు. కాస్త ఆలస్యమైతే దానికీ మందులున్నాయి."

రోగి కళ్ళల్లో నీళ్ళు గిర్రున తిరిగాయి. ఈవిడ నటనకి ఏ బహుమతిచ్చినా తక్కువే అనుకుంది కుర్రడాక్టరు.

గంట మోగింది. మేడమ్ ఒక్క ఉదుటున లేచింది.

"ఏమ్మా, నేను నోరు నొప్పెట్టేలా నీకు నేర్పింది తలనొప్పి కదా! ఇప్పుడీ పిల్లకి సున్నా వెయ్యనా, నిన్ను ఇంటికి పంపనా?"

కుర్రడాక్టరు మొహంలో నెత్తురుచుక్క లేదు.

రోగి మాత్రం మేడమ్ వైపు తిరగనైనా తిరక్కుండా కుర్రడాక్టరు చెయ్యి గట్టిగా పట్టుకుని, "ఆవిణ్ణి చూడగానే డైలాగులన్నీ ఎగిరిపోయి నాకున్న బాధలే చెప్పేశాను గానీ, ఇంతకీ ఆ స్కానింగు ఎక్కడ చేయించుకోమంటారు డాక్టరమ్మా?" అంది.