కళ్లజోడుంటే పిన్ని

చిప్ చూస్తే గోరంత. దాని మీద ఇంజనీరమ్మ పెట్టుకున్న ఆశ కొండంత. కాపలా కెమెరాలో కూర్చుని, గేటు దగ్గరికి వచ్చిన మనిషి ఎవరో తానే పోల్చి చెప్పడం దాని పని. ఇవాళ బేరం కుదిరితే తయారీ మొదలవుతుంది. కుదరకపోతే ఇన్నేళ్ల కష్టం బూడిదలో పోసిన పన్నీరే.

కొనడానికొచ్చిన పెద్దమనిషి ముందే మెలిక పెట్టాడు. "కవలల్ని వేరుచేసి చూపించండి. అప్పుడు నమ్ముతాను."

ఓస్, ఇంతేనా! ఆమె తల్లీ, పిన్నీ అచ్చు గుద్దినట్టుండే కవలలు. కళ్లజోడుంటే పిన్ని, లేకపోతే అమ్మ. ఇంటిల్లిపాదికీ అదే గుర్తు. ఒక్కటే చిక్కు. ఏదో పూలకుండీ దగ్గర మాటామాటా పెరిగి, నెల రోజులుగా అక్కచెల్లెళ్లు ఉప్పూ నిప్పులా ఉన్నారు.

"పిన్నికి నేను ఫోన్ చేస్తానమ్మా."

"నువ్వొద్దు. ఈ వంకతో నేనే పలకరిస్తాలే" అంది తల్లి. "కానీ ఇద్దరం కలిసి మాత్రం రాం. నేను వెళ్లాకే అది వస్తుంది."

మాటలు కలిస్తే అదే పదివేలు అనుకుంది కూతురు.

మేడమీద గదిలో అందరూ తెర ముందు కూర్చున్నారు. ముందు అమ్మ గేటు దగ్గరికి వచ్చి, చెయ్యూపి వెళ్లింది. కాసేపటికి కళ్లజోడు, నీలం గొడుగుతో పిన్ని వచ్చింది. చెయ్యూపలేదు సరికదా, మూతి ముడుచుకుని చక్కా పోయింది. కోపం ఇంకా చల్లారలేదన్నమాట.

తెర మీద అక్షరాలు పడ్డాయి: 'రెండుసార్లూ వచ్చింది ఒకే మనిషి.'

పెద్దమనిషి పకపకా నవ్వాడు. "మీ పిన్నినే పోల్చుకోలేనిది, మా గేటేం కాస్తుందండీ! ఈ టీ తాగేసి వెళ్లొస్తాను."

మేనేజరు మొహం మాడిపోయింది. "ఇక ఈ చిప్ పని మూసేద్దామమ్మా" అన్నాడు.

ఇంజనీరమ్మకు ఏడుపొక్కటే తక్కువ. "అంత కళ్లజోడు కనబడలేదటే నీకు!" అని చిప్‌ను తిట్టుకుంటూ వరండాలోకి వచ్చింది. పాపం, పిన్ని పని మానుకుని మరీ వచ్చింది. ఒక్క మంచి మాటైనా చెప్పాలని ఫోన్ చేసింది.

"చాలా థాంక్స్ పిన్నీ. ఎండలో ఇంత దూరం శ్రమపడి వచ్చావు."

"నేనెక్కడికొచ్చానే? నన్ను పిలవాలంటే మీ అమ్మ ముందు నాతో మాట్లాడొద్దూ!"