భోజనం అయింది

పేగు మెలిక ఆపరేషన్ అయ్యాక అత్తగారికి గంజి కాచేది గోడలోని కంప్యూటర్ పొయ్యే. ఇంట్లోని మాటలన్నీ వింటూ, ఏ పూటకు ఎంత పెట్టాలో అదే తేల్చేది.

గుమ్మంలోంచి పొరుగింటి వరాలమ్మ, "భోజనం అయిందా వదినా?" అంది.

"ఆఁ, అయింది," అంది అత్తగారు అలవాటుగా.

పొయ్యి ఆరిపోయింది. "ఈ పూట తినేశారు. ఇంకా పెడితే పేగుకు భారం," అని పలికింది.

సగం ఉడికిన గంజి చూసి, నిద్ర చాలని కోడలు హరిణి చతికిలబడింది. "తినలేదని చెప్పండి అత్తయ్యా."

"ఆవిడ ముందా? నువ్వు నా కడుపు మాడుస్తున్నావనుకోదూ!" అంది అత్తగారు గుసగుసగా. ఆకలిగా గంజి గిన్నె వైపు చూసింది.

హరిణి లేచింది. "మా అత్తయ్యకి నేనింకా ఏమీ పెట్టలేదు!" అంది గట్టిగా.

పొయ్యి వెలిగింది. గుమ్మంలో వరాలమ్మ బుగ్గలు నొక్కుకుంది.