శవం ఊపిరి

ఆ రోజు నిజంగా చూడలేదా, చూసి ఊరుకుందా? మ్యూరియల్ యాభై ఏళ్ళుగా తనని తాను అడుగుతూనే ఉంది. జనం మాత్రం ఎప్పుడో తేల్చేశారు, చూడలేదని. ఒక షాటుకీ ఇంకో షాటుకీ మధ్య సిగరెట్టు పొడవు మారినా పట్టుకోవడం ఆమె పని. అలాంటిది, లండన్ ముఠా సినిమాల్లో దీన్ని మించింది లేదని అందరూ పొగిడే ఆ సినిమాలో, వాపింగ్ రేవు బురదలో పడున్న శవం ఊపిరి పీలుస్తుంది.

"ఇదిగో, ఇక్కడే," అన్నాడు డెక్లన్, తెర మీద బొమ్మ ఆపి. పాత సినిమాలకి మెరుగులు దిద్దడం అతని వృత్తి. "ఈ సీను రాగానే పబ్బులో మావాళ్ళు 'లేవరా, టీ చల్లారిపోతోంది' అని అరుస్తారండీ."

"నా ఎదురుగానే అరిచారు, చాలాసార్లు."

"ఇక అరవరు. ఛాతీ కదలకుండా చేసేస్తాను, చిటికెలో పని. మాట పడింది మీరు గనక మిమ్మల్నే అడగమన్నారు. ఊఁ అంటే చాలు."

గదిలో చలిగా ఉంది. ఒంటి మీదున్న, మోకాళ్ళు దాటిన మగవాళ్ళ కోటులోకి ఆమె ఇంకాస్త ముడుచుకుంది.

"అందులో మీలాంటి వాళ్ళు ఇద్దరు పడతారు," నవ్వాడు డెక్లన్.

"ఇంట్లో ఊరికే వేలాడుతోందని, పోయిన చలికాలం నుంచి నేనే వేసుకుంటున్నా. ఆ సీను మళ్ళీ వెయ్యి బాబూ."

శవం ఛాతీ మెల్లగా లేచింది, దిగింది.

షూటింగు జరిగిన ఆ తెల్లవారుజామున ఎముకలు కొరికే చలి. రేవులో మూటలు మోసే కుర్రాడెవరో ఒక్కపూట వేషానికి వచ్చాడు, సొంత కోటు వేసుకుని. దర్శకుడు అతన్ని బురదలో పడుకోబెట్టాడు, లేపాడు, మళ్ళీ పడుకోబెట్టాడు. పెదాలు నీలంగా మారాయి. ఇంకోసారి పడుకోవాలా అన్నట్టు అతను ఆమె వైపే చూశాడు.

"అంతా సరిగ్గానే ఉంది," అంది ఆమె దర్శకుడితో.

"ఇంకొక్కసారి వెయ్యి," అంది ఇప్పుడు.

ఈసారి తెర మీది ఛాతీతో పాటు ఆమె కూడా ఊపిరి పీల్చి వదిలింది.

"అలాగే ఉండనీ."

"జనం నవ్వుతారండీ."

"నవ్వనీ."

"మీ ఇష్టం. పోనీ, ఈ చిన్నదైనా సరిచెయ్యనా? వాడి కోటుకి పైనుంచి రెండో గుండీ లేదు, చూశారా? ఒకటి అతికించేస్తాను."

మ్యూరియల్ లేచి, ఒంటి మీది కోటు గుండీలు ఒక్కొక్కటే పెట్టుకుంది. అన్నీ నల్లవే, పైనుంచి రెండోది మాత్రం గోధుమరంగుది.

"అక్కర్లేదు నాయనా. అది పెళ్ళయిన వారమే నేను కుట్టేశాను."