షరతు నంబరు నాలుగు

ముందే ఒప్పేసుకుంటాను. మామయ్య జైలుకి వెళ్లడానికి కారణం నేనే.

మామయ్య అంటే మా అమ్మ తమ్ముడు, నూకరాజు. రాయపూర్ రైల్వేలో ఫిట్టరు. పదకొండు గంటలకి కోర్టులో హాజరవ్వాలని రాసిన చీటీ తెచ్చి నా చేతిలోనే పెట్టాడు.

"నా జేబులో ఉంటే ఉతుకులో పోద్దే పాపా. నీ ఫోన్లో ఎక్కించీ" అన్నాడు.

ఎక్కించాను. నా ఉద్యోగం శంకర్ నగర్‌లో ఒక సాఫ్ట్‌వేర్ ఆఫీసులో. నా క్యాలెండర్ అంతా అమెరికా టైములో నడుస్తుంది. ఆ సంగతి మర్చిపోయాను. కోర్టుకి బయల్దేరమని ఫోను మోగేసరికి రాత్రి ఎనిమిదిన్నర. అప్పటికి జడ్జిగారు భోజనానికి కూర్చుని ఉంటారు.

వారం తిరక్కుండా వారెంటు వచ్చింది. డ్యూటీ దిగి వస్తున్న మామయ్యను గుఢియారీ మలుపులో పట్టుకుపోయారు.

ఇంతకీ ఆయన చేసిన నేరం ఏంటంటే, రెండేళ్ల కిందట వానలో తెలీబంధా చెరువు దగ్గర బండి జారింది. ఒకమ్మాయి కాలు విరిగింది. మామయ్యే ఎత్తుకుని ఆటోలో ఆసుపత్రికి తీసుకెళ్లాడు. ఆసుపత్రివాళ్లు పోలీసులకి చెప్పారు. పోలీసులు కేసు రాసుకున్నారు. ఆ అమ్మాయి ఒక్క ముక్క ఫిర్యాదు చెయ్యలేదు. అయినా కేసు సర్కారుది. సర్కారుకి కోపం తగ్గదు.

"నీ కంప్యూటర్ సదువు తగలెయ్య!" అంది అమ్మ. "గోడ మీద గడియారం సూసి సెప్పినా సరిపోను కదే!"

కింది కోర్టు బెయిలు ఇవ్వనంది. ఒకసారి ఎగ్గొట్టినవాడు ఇంకోసారి ఎగ్గొట్టడని నమ్మకం ఏంటంది. పై కోర్టుకి అప్పీలు చేశాం. మొదటి వాయిదాకి కింద నుంచి ఫైలు రాలేదు. రెండో వాయిదాకి ఫైలు వచ్చింది, జడ్జిగారు రాలేదు. మూడోసారి ఇద్దరూ వచ్చారు, లాయర్లు సమ్మె చేశారు. ఇలాంటి సాఫ్ట్‌వేర్ నేను రాసి ఉంటే మా మేనేజరు నన్ను కిటికీలోంచి తోసేసేవాడు.

రోజూ పొద్దున్నే అమ్మ క్యారియర్ కట్టుకుని జైలుకి వెళ్లేది. నన్ను మాత్రం అటు అడుగు పెట్టొద్దన్నాడు మా హరీష్ వకీలు.

తిరిగొచ్చి అమ్మ చెప్పేది: "సుగరు మందులు అయిపోనాయంట. అయినా 'పాపని తిట్టకే అక్కా' అంతన్నాడు, ఎర్రి నాగన్న. ఏటే, ఎప్పుడు తెత్తావే ఇంటికి?"



నాలుగో వాయిదాకి అన్నీ కలిసొచ్చాయి. నేను లోపలికి వెళ్లబోతే హరీష్ వకీలు చెయ్యి అడ్డం పెట్టాడు.

"అరే, నువ్వెక్కడికి లహరీ? బయటే బైఠో. నువ్వు నోరు తెరిచావంటే మొత్తం గడ్‌బడ్ అయిపోతుంది."

తలుపు పక్కన బెంచీ మీద కూర్చున్నాను. మాటలు వినబడుతూనే ఉన్నాయి. సర్కారు వకీలు హిందీలో గొంతు చించుకుంటున్నాడు. "ఈ మనిషి బయటికొస్తే ఆ అమ్మాయిని బెదిరిస్తాడు సార్! ఇంకా ఆమె సాక్ష్యమే కాలేదు. పాపం, ఎంత నరకం పడిందో ఆ అమ్మాయి!"

ఆ అమ్మాయి, ఆ అమ్మాయి. వినీ వినీ చెవులు తూట్లు పడ్డాయి. ఆమె పడ్డ నరకం గురించి ఈయనకేం తెలుసు? మామయ్య బల్లిని చూస్తే మంచం ఎక్కే మనిషి. ఆయన ఒకర్ని బెదిరించడమా!

జడ్జిగారికీ విసుగొచ్చినట్టుంది. అంతకు ముందు ఒక్క వాయిదా కూడా తప్పని మనిషి కదా అన్నారు. బెయిలు ఇచ్చేశారు.

మెట్ల మీదే ఏడ్చేశాను. అమ్మ జైలుకి పరిగెత్తింది. నేను ఆటో ఎక్కి ఇంటికొచ్చి పప్పు పొయ్యి మీద పెట్టాను.

సాయంత్రం హరీష్ వకీలు ఆర్డరు కాపీ ఫోనుకి పంపాడు. చదివాను. షరతు ఒకటి: ప్రతి వాయిదాకీ రావాలి. రెండు: ఊరు దాటకూడదు. మూడు: ఫోను నంబరు మార్చకూడదు. నాలుగు: కాలు విరిగిన అమ్మాయిని కలవకూడదు, మాట్లాడకూడదు, ఆమె ఉంటున్న ఇంటి ఛాయలకి వెళ్లకూడదు.

వెంటనే ఫోన్ చేశాను.

"ఆ షరతు అందరికీ వేసేదే" అన్నాడాయన తాపీగా. "కానీ తప్పితే మాత్రం మళ్లీ లోపలికే. ఈసారి ఏ కోర్టూ వినదు. మార్పించాలంటే అర్జీ పెడదాం. తారీఖు వచ్చే నెల దొరుకుతుంది."

పెట్టేశానో లేదో అమ్మ ఫోను.

"ఒచ్చీసినాడే! ఆటోలో ఉన్నాం. మలుపు తిరిగీసినాం. పప్పు దించీ!"

వెనకాల మామయ్య నవ్వు వినిపిస్తోంది.

మీలో ఎవరికైనా ఇలాంటి బెయిలు దొరికి ఉంటే ఎలా నెట్టుకొచ్చారో దయచేసి రాయండి. కాస్త త్వరగా రాయండి, ఎందుకంటే ఆ రోజు మామయ్య బండి వెనక కూర్చుని కాలు విరగ్గొట్టుకున్న అమ్మాయిని నేనే, మా ముగ్గురికీ ఉన్నది ఈ ఒక్క ఇల్లే.