ఫైనల్‌కి ముందు పాపసంకీర్తనం

"దీవించండి ఫాదర్, పాపం చేశాను," అన్నాడు కాజ్ డూడెక్, చెక్క జాలీకి మూతి ఆనించి.

"చెప్పు నాయనా," అన్నారు అవతలి నుంచి ఫాదర్ మార్సిన్యాక్.

"ఒకడి మోకాలు పోయిందని విని చప్పట్లు కొట్టాను."

"ఎవరి మోకాలు?"

"మీదే ఫాదర్. అంటే, మీ బ్రిగ్స్‌ది."

అవతల కుర్చీ కిర్రుమంది.

అమెరికాలో బఫెలో అనే ఊళ్ళోని ఆ చర్చివాళ్ళకి పన్నెండు మందితో ఒక ఫాంటసీ ఫుట్‌బాల్ లీగ్ ఉంది. తలా కొందరు అసలు ఆటగాళ్ళని ఎంచుకుంటారు. మైదానంలో వాళ్ళు పరిగెత్తితే ఇక్కడ వీళ్ళకి పాయింట్లు. అందులో రన్నింగ్ బ్యాక్ అంటే బంతిని చంకలో ఇరికించుకుని అడ్డొచ్చినవాణ్ణల్లా గుద్దుకుంటూ పోయేవాడు. ఫాదర్‌గారి బ్రిగ్స్ ఎదురొస్తే మంచు తోసే బండి కూడా పక్కకి తప్పుకుంటుందని చెప్పుకునేవారు. సీజనంతా ఆయన్ని భుజాన వేసుకుని పట్టికలో మొదటి స్థానానికి మోసుకొచ్చాడు.

కాజ్ రాత వేరు. సెప్టెంబర్లో అతని రన్నింగ్ బ్యాక్ ఒకడికి తొడ పట్టేసింది. అక్టోబర్లో ఇంకొకడి చీలమండ. నవంబర్లో మూడోవాడి కాలి బొటనవేలు. "జట్టు ఎందుకు కాజ్, ఎముకల ఆస్పత్రి తెరువు," అని హాల్లో అందరూ ఏడిపించారు. అయినా పడుతూ లేస్తూ ఫైనల్‌కి వచ్చాడు. రేపే ఫైనల్. ఎదురు ఫాదర్‌గారే. వరసగా నాలుగో ఏడు.

ఓడినవాడు ఈస్టర్‌కి ముందొచ్చే తపస్సు కాలంలో ప్రతి శుక్రవారం చేపల విందుకి బంగాళదుంపలు చెక్కాలి. మూడేళ్ళుగా చెక్కుతున్నది కాజే. అతని బొటనవేలి చర్మం బంగాళదుంప రంగుకి తిరిగిందని భార్య బ్రోనియా ప్రమాణం చేసి చెబుతుంది.

"అంతేనా?" అన్నారు ఫాదర్.

"ఇంకోటుంది. మీ దగ్గర ఒక మాట దాస్తున్నాను."

"దాచకూడదు నాయనా. దేవుడు వింటున్నాడు."

"బ్రిగ్స్ బదులు రేపు కుర్రాడు లాస్కో పరిగెడతాడని పేపర్లన్నీ రాశాయి కదా. కాదుట ఫాదర్. ముసలి హ్యాచర్‌ట! ఆ జట్టు తువ్వాళ్ళు ఉతికేవాడొకడు చెవిలో వేశాడు. ఈ వారం తలా ఒక్కణ్ణే కొత్తగా తీసుకోవాలి, పట్టికలో పైనున్నారు గనక ముందు ఎంచుకునేది మీరు. మీరు పేపర్లు నమ్మి లాస్కోని తీసుకోవాలని, హ్యాచర్ నాకు మిగలాలని మధ్యాహ్నం నుంచీ మొక్కుతున్నాను."

అవతల కుర్చీ మళ్ళీ కిర్రుమంది.

"దొంగ కబురుతో లాభపడాలనుకోవడం పాపం," అన్నారు ఫాదర్.

"ఒప్పుకుంటున్నాను ఫాదర్."

"ఇరవై మంగళవార్త జపాలు చెప్పు. మోకాళ్ళ మీద. నెమ్మదిగా."

కాజ్ పదకొండో జపంలో ఉండగా జేబులో ఫోను గుర్రుమంది. ఫాదర్‌గారు హ్యాచర్‌ని తీసుకున్నారు.

కాజ్ మిగిలిన తొమ్మిదీ పూర్తిచేసి, లాస్కోని తీసుకుని, ఇంటికెళ్ళి జరిగింది చెప్పాడు. పిండి ముద్ద వత్తుతున్న బ్రోనియా కర్ర పట్టుకునే అతని వైపు తిరిగింది.

"రేపు నీతో తలపడే మనిషికి, నువ్వే వెళ్ళి, పరిగెత్తేవాడి పేరుతో సహా చెప్పొచ్చావా? నీ నోటికి ఓ తలుపూ గడియా ఏమన్నా ఉందా అసలు?"

"అక్కడ దాచకూడదు కదే."

"దాచకు. కత్తి పదును పెట్టించుకో. దుంపలు ఎదురుచూస్తున్నాయి."

ఆదివారం ఫాదర్ ప్రసంగం ఎన్నడూ లేనంత పొట్టిగా ముగిసింది. ఒంటిగంటకల్లా ఆయన చర్చి హాల్లో టీవీ ముందు కుర్చీలో ఉన్నారు.

హ్యాచర్ మొదటిసారి బంతి అందుకుని రెండడుగులు వెనక్కి పోయాడు. రెండోసారి ఎవరూ ముట్టుకోకుండానే పడ్డాడు. ఆ తర్వాత దుప్పటి కప్పుకుని, పెళ్ళికొచ్చిన పెద్ద బావగారిలా బెంచీ మీద కూర్చుండిపోయాడు.

లాస్కో మాత్రం! వాడి వెనక పడ్డవాళ్ళకి వాడి బూట్ల అడుగులు తప్ప ఏమీ కనిపించలేదు. ఒకసారి ముగ్గురు కాళ్ళు పట్టుకుని వేలాడితే ముగ్గురినీ ఈడ్చుకుంటూ గీత దాటాడు. మూడు టచ్‌డౌన్లు. టీవీ లోపల్నుంచి గాలి కొట్టి ముందు వరసవాళ్ళ టోపీలు ఎగిరాయని ఇప్పటికీ అంటారు.

పంతొమ్మిది పాయింట్ల తేడాతో కాజ్ గెలిచాడు. హాలంతా లేచి అతన్ని భుజాల మీదికి ఎత్తుకుంది. బ్రోనియా అందరిముందూ ముద్దు పెట్టింది. పెళ్ళైన నలభై ఏళ్ళలో అది రెండోసారి.

"ఫాదర్, ఊరంతా లాస్కో అని మొత్తుకుంటుంటే, పోయి పోయి ఆ ముసలాణ్ణి ఎలా తీసుకున్నారు?" అని వెనక్నుంచి ఎవరో అరిచారు.

ఫాదర్ నోరు తెరిచారు. పాపసంకీర్తనంలో విన్నది బయటికి చెప్పకూడదు. నోరు మూసుకున్నారు. చెవులు బీట్‌రూట్‌లయ్యాయి.

"అలా... అనిపించింది," అన్నారు.

"ఎవరికైనా పొరపాటు జరుగుతుంది. ఆయన్నేమీ అనకండి," అన్నాడు కాజ్ భుజాల మీద నుంచి, గద్గదంగా. తర్వాత దిగి, దుంపలు చెక్కేవాడి ఏప్రన్‌ని తన చేతులతోనే ఫాదర్‌గారికి కట్టాడు. ముడి రెండుసార్లు వేశాడు.

మళ్ళీ శనివారం వచ్చింది. వరసలో అందరికంటే ముందు కాజే నిలబడ్డాడు. నున్నగా గడ్డం గీసుకుని, పెళ్ళికొడుకులా మెరిసిపోతున్నాడు. లోపలికెళ్ళి మోకరించాడు.

"ఈసారేమిటి?" అన్నారు ఫాదర్, కాస్త పొడిగా.

"పోయిన శనివారం ఇక్కడ అబద్ధమాడాను ఫాదర్."